సకీనా పేరున్న చరణం

దయ్యాల సంగతులు నాకు పడవు. నమ్మను అని ఊరుకునే రకాన్ని కూడా కాదు, నమ్మేవాళ్లతో కూర్చుని వాదన పెట్టుకునే రకం. రావివలస రోడ్డులో ఏదో తెల్లగా కనబడిందని మా బంధువు ఒకాయన చెబితే, అది ఎంత దూరంలో ఉంది, మీరు కళ్లద్దాలు పెట్టుకున్నారా, పక్కన ఇంకెవరైనా చూశారా అని అడిగి ఆయన్ని చిన్నబుచ్చాను. ఏళ్ల తరబడి పిల్లల జవాబు పత్రాలు దిద్దిన బుద్ధి అది. ఎక్కడ తప్పు దొరుకుతుందా అని వెతుకుతుంది.

కాబట్టి ఇప్పుడు రాయబోయేది కూడా అలాగే దిద్ది దిద్ది చూశాను. చాలాసార్లు చూశాను. తప్పు ఒకటి దొరికింది. అది నాదే.

మాది టెక్కలి. బాప్టిస్టు కుటుంబం. నాన్న సంఘ పెద్ద, నేను చిన్నప్పటి నుంచి చర్చిలో హార్మోనియం వాయిస్తూ పాడేదాన్ని. తెలుగు టీచరుగా పలాసకి బదిలీ అయింది తొంభై ఎనిమిదిలో. కాశీబుగ్గలో అద్దె ఇల్లు వెతుక్కుంటూ, ముస్లిం కుటుంబాలు ఓ పదిహేను దాకా ఉన్న చిన్న వీధిలో రెండు గదులు తీసుకున్నాను. "సాయిబుల వీధిలో ఎలగుంటావు?" అని అమ్మ కొన్నాళ్లు సణిగింది. బడి దగ్గర, నీళ్లు బాగుంటాయి అని చెప్పి ఊరుకోబెట్టాను.

ఇంటి యజమానురాలు హలీమా బీ. అప్పటికే అరవై దాటాయి. ముప్పై ఏళ్లకు పైగా జీడిపిక్కలు కొట్టిన మనిషి. పలాసలో ఆ పని చేసినవాళ్ల చేతులు ఎవరికీ చెప్పక్కర్లేదు. పిక్క పగిలినప్పుడు చిమ్మే సొనకి వేళ్లు కాలి, తోలు ఊడి, నల్లగా మచ్చలు కట్టేస్తాయి. బూడిద రాసుకుని పని చేసినా తప్పదు. ఆవిడ నాకు గ్లాసుతో టీ ఇస్తున్నప్పుడు మొదటిసారి ఆ చేతులు చూసి కళ్లు తిప్పుకున్నాను. ఆవిడ గమనించే ఉంటుంది.

ఆ చేతులు మర్చిపోయేలా చేసింది ఆవిడ గొంతు.

ప్రవక్త పుట్టిన నెలలో వాళ్ల ఇళ్లలో మిలాద్ జరుపుతారు. నెల మొదటి పన్నెండు రోజులూ రోజుకొక ఇంట్లో, మధ్యాహ్నం నమాజు అయ్యాక, ఆడవాళ్లంతా కూడతారు. తెల్ల దుప్పటి పరిచి, అగరొత్తులు వెలిగించి, తలల మీద కొంగులు కప్పుకుని నాత్‌లు పాడతారు. నాత్ అంటే ప్రవక్తను పొగుడుతూ పాడే పాట. వాయిద్యం ఉండదు. ఒకరు ఎత్తుకుంటారు, మిగతావాళ్లు అందుకుంటారు. ఆఖరున అందరూ లేచి నిలబడి సలాం పాడతారు. ఆ వీధిలో ఎత్తుకునేది ఎప్పుడూ హలీమా బీయే.

మొదటి ఏడాది నేను కిటికీలోంచి విన్నాను. రెండో ఏడాది ఆవిడే వచ్చి పిలిచింది. "టీచరమ్మా, అలగ గోడకాడ సెవి పెట్టడం ఎందుకు, వచ్చి కూకోండి" అంది. సిగ్గుపడుతూనే వెళ్లాను. ఆ తర్వాత ఒక్క ఏడాది కూడా మానలేదు.

నాకు ఉర్దూ రాదు. కానీ పాట తెలుసు, గొంతు విలువ తెలుసు. పొద్దుటి నుంచీ జీడిపప్పు తొక్క తీసి వచ్చిన ఆడవాళ్లు, నడుం నొప్పులూ ఇంటి గొడవలూ గుమ్మం అవతల వదిలేసి, రాగం ఎత్తుకోగానే నిటారుగా కూర్చునేవారు. అర్థం షాహిదా చెప్పేది. షాహిదా హలీమా బీ కోడలు, విజయనగరం పిల్ల. ఆ పాటల్లో అడగడం తక్కువ, పొగడటం ఎక్కువ. నీ ఊరి గాలి మంచిది, నీ గుమ్మం దగ్గరి దుమ్ము మంచిది అని పాడుకుంటూ పోతారు. మేము చర్చిలో ఎప్పుడూ ఏదో ఒకటి అడుగుతూనే ఉంటాం కదా అనిపించింది నాకు. నిజంగా గౌరవం కలిగింది. ఈ మాట మా సంఘంలో కూడా చెప్పాను. కొందరికి నచ్చలేదు.

రెండు వేల మూడు వేసవి సెలవుల్లో హలీమా బీ నా దగ్గరికి ఓ లాంగ్ నోట్‌బుక్ తెచ్చింది. ఆ పాటలన్నీ ఆవిడ నోట్లోనే ఉన్నాయి. వీధిలో కోడళ్లు, ఆడపిల్లలు ఇంట్లో ఉర్దూ మాట్లాడతారు గానీ చదవడం రాదు, చదివింది తెలుగు మీడియం. "మీ అక్షరాల్లో రాసి పెట్టండి. నాను పోయాక ఇవి ఎవులు పాడతారు?" అంది.

నెలన్నర పట్టింది. మధ్యాహ్నం భోజనాలయ్యాక వసారాలో కూర్చునేవాళ్లం. ఆవిడ ఒక్కో ముక్కా పాడేది, నేను వినబడినట్టు తెలుగులో రాసి తిరిగి చదివేదాన్ని. పలికింది సరిగా లేకపోతే నుదురు చిట్లించేది, బాగుంటే మోకాలి మీద దరువు వేసేది. నాకు మార్కులు వేసినవాళ్లలో ఆవిడే కఠినం. ముప్పైకి పైగా పాటలు అయ్యాయి.

అన్నిటికంటే ఆఖరున చెప్పిన పాట ఆవిడ తల్లిది. తల్లే కట్టిన పాట. ఆవిడా పిక్కలు కొట్టిన మనిషే, చదువు లేదు. ఆ పాట హలీమా బీ ఏటా పాడేది, వీధంతా తెలుసు. కానీ దాని ఆఖరి చరణం ఎప్పుడూ నలుగురిలో పాడలేదు. ఆ సంగతి అప్పటికి నాకు తెలియదు.

ఆ రోజు మాత్రం ఆఖరి చరణం దగ్గరికి వచ్చేసరికి లేచి తలుపు దగ్గరగా వేసింది. పాడలేదు, మాట్లాడుతున్నట్టు లోగొంతుతో ఒక్కసారి చెప్పింది. అందులో 'సకీనా' అనే పేరు వినబడింది.

"రాసింది సకీనా గారా?" అన్నాను.

"అవును. మా అమ్మీ."

ఇక్కడే నేను చేసిన ఘనకార్యం. మా కీర్తనల పుస్తకంలో ప్రతి పాట కింద కుడివైపు రాసినవారి పేరు వేరే ఉంటుంది. అది పాటలో భాగం కాదు, ఎవరూ పాడరు. హలీమా బీ చెప్పింది అలాంటిదే అనుకున్నాను. ఈ పాట మా అమ్మ సకీనా కట్టింది అని రెండు ముక్కల్లో చెబుతోంది కాబోలు అనుకుని, చరణం వదిలేసి, కింద కుడివైపు 'సకీనా' అని రాసి గీత గీశాను.

"మా అమ్మీ పేరు రాసినారా?" అని అడిగింది.

"ఇదిగో" అని చూపించాను.

ఆవిడకి తెలుగు చదవడం రాదు. ఆ మూడక్షరాల మీద నల్లటి వేలు ఆనించి చాలాసేపు చూసింది. సిరా ఆరకపోవడంతో కొంచెం అంటుకుంది కూడా. చాలా సంతోషపడింది.

ఆ చలికాలంలో హలీమా బీ పోయింది. నాలుగు రోజుల జ్వరం, అంతే. బడి నుంచి వచ్చేసరికి వసారా నిండా చెప్పులు ఉన్నాయి. నేను ఆ ఇంట్లో అద్దెకున్నదాన్ని మాత్రమే, అయినా సొంతవాళ్లు పోయినట్టు ఏడ్చాను.

మళ్లీ మిలాద్ నెల వచ్చింది. ఎండాకాలం, జీడి మంచి ఊపు మీదున్న రోజులు. పాటలు ఎత్తుకోవాల్సింది ఇక షాహిదాయే. నెల పుట్టడానికి వారం ముందు నోట్‌బుక్ తీసుకుని నా దగ్గరికి వచ్చింది, పేజీలు అటూ ఇటూ తిప్పుతూ.

"టీచరమ్మా, అత్తమ్మ అమ్మగారి పాటలో సివర ముక్క ఏదీ?"

"అంతే కదా. కింద పేరు కూడా రాశాను."

షాహిదా నా వంక అదోలా చూసింది. అప్పుడు చెప్పింది. వాళ్ల పాటల్లో కట్టినవాళ్లు తమ పేరు పాట కింద వేసుకోరు, ఆఖరి చరణం లోపలే పెట్టుకుంటారు. ఆ పేరుతోనే పాట ముగుస్తుంది. సకీనా బీ కాలంలో ఇంటి ఆడదాని పేరు పదిమందిలో పలకడం తప్పుగా ఉండేదట. అందుకని ఆవిడా ఆ చరణం బయట పాడలేదు, కూతురూ పాడలేదు. పక్క ఊళ్లో కోడలిగా, పిక్కలు కొట్టే మనిషిగా బతికి వెళ్లిపోయిన ఆ తల్లికి ఫోటో లేదు. ఏ కార్డులోనూ పేరు లేదు. సమాధి ఉద్దానం తీరం ఇసుకలో ఎక్కడో ఉండేది, తుపానుల్లో అదీ ఆనవాలు లేకుండా పోయింది. ఆవిడ పేరు ఉన్నది ఆ చరణంలో ఒక్కచోటే.

"పుస్తకంలోకెక్కాక ఇంకా సిగ్గేటి, వచ్చే మిలాద్‌కి అమ్మీ పేరుతో మొత్తం పాడతాను అన్నాదండి అత్తమ్మ. ఎన్నిసార్లు అన్నాదో" అంది షాహిదా.

ఎంతమంది పిల్లల్ని ప్రశ్న సరిగా చదవలేదని తిట్టి ఉంటాను నేను. ఒక మనిషి పేరు ఈ లోకంలో ఉన్న ఒకే ఒక్క చోటు నుంచి దాన్ని కొట్టేసింది నేనే.

ఆ వారమంతా అదే ధ్యాస. కళ్లు మూసుకుని వసారాలో ఆవిడ కూర్చున్న చోటే కూర్చుని గుర్తు చేసుకోవడానికి ప్రయత్నించాను. 'సకీనా' తప్ప ఒక్క మాట రాలేదు. వీధిలో పెద్దావిడ మెహరున్నిసాని అడిగాం. ఆ చరణం ఉందని తెలుసు గానీ ఒక్కసారీ వినలేదంది. మసీదులో పెద్దాయనకీ తెలియదు, అవి ఆడవాళ్ల పాటలు. హలీమా బీ చెల్లెలు ఖైరున్ బీ ఒకరే మిగిలారు. ఆవిడ ఖరగ్‌పూర్‌లో రైల్వేలో పని చేసే కొడుకు దగ్గర ఉండేది. షాహిదా భర్త ఎస్టీడీ బూత్ నుంచి మాట్లాడాడు. ఆవిడకి చెవుడు, ఫోనులో ఏమీ వినబడలేదు. రంజాన్‌కి వస్తానని మాత్రం చెప్పింది.

చేసేది లేక షాహిదా ఒక నిర్ణయానికి వచ్చింది. ఎప్పటిలాగే ఆ చరణం ముందు దాకా పాడి ఆపేసి, సలాంకి లేద్దామంది. నన్ను ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేది.

పన్నెండో రోజు మిలాద్ వాళ్లింట్లోనే. టైము మూడూ మూడున్నర. బయట ఎండ మండిపోతోంది, తలుపులు తీసే ఉన్నాయి. లెక్కపెట్టాను కాబట్టి చెబుతున్నాను, నాతో కలిపి పదిహేడు మంది ఆడవాళ్లం. ఖైరున్ బీకి పంపడానికని షాహిదా భర్త టేప్ రికార్డర్ కిటికీలో పెట్టి, బటన్ నొక్కి బయటికి వెళ్లిపోయాడు. మగవాళ్లెవరూ లోపల లేరు.

షాహిదా బాగా పాడింది. అత్తగారంత గొంతు కాదు గానీ, భక్తిలో తక్కువ లేదు. ఆఖరున సకీనా బీ పాట ఎత్తుకుంది. ఒక్కో చరణం రెండోసారి అందరం అందుకున్నాం. ఆపేయాల్సిన చోటు వచ్చింది. షాహిదా నోట్‌బుక్ మూసేసింది. అది నేను కళ్లతో చూశాను. సలాంకి లేవడానికి చేత్తో నేలమీద ఆనుకుంది.

అప్పుడు అందరం పాడాం.

దీన్ని ఇంతకంటే బాగా చెప్పడం నాకు చేతకాదు. పాడాలి అనుకోలేదు. అనుకునేలోపే నోట్లో మాట ఉంది. మొదటి వరుస, రెండో వరుస, తర్వాత వాళ్ల అలవాటు ప్రకారం రెండో వరుస మళ్లీ ఒకసారి. పదిహేడు గొంతులూ ఒకే రాగంలో, తడబాటు లేకుండా. రెండో వరుసలో సకీనా పేరు వచ్చింది. పాట అయిపోయింది.

ఎవరికీ భయం వేయలేదు, ఆ క్షణంలో వింతగా కూడా అనిపించలేదు. గదిలో హాయిగా ఉంది. లేచి సలాం పాడాం. కళ్లు తుడుచుకోని మనిషి లేదు. ఆ తర్వాత షర్బత్ గ్లాసులు పంచుతుంటే షాహిదా నా చెయ్యి పట్టుకుంది.

"గుర్తొచ్చిందా టీచరమ్మా? ముందే సెప్పొచ్చు కదేటి."

"నాకు గుర్తు రాలేదు. నువ్వు పాడుతుంటే అందుకున్నాను" అన్నాను.

"నానెక్కడ ఎత్తుకున్నాను? పుస్తకం మూసేసినాను. మీ పక్క నుంచి వచ్చింది."

మెహరున్నిసా ఏమో షాహిదా ఎత్తుకుందనుకుందట. ఆవిడ కోడలేమో మెహరున్నిసాయే ఎత్తుకుందనుకుందట. అప్పుడు నా టీచరు బుద్ధి లేచింది. నోట్‌బుక్ తెరిచి, అందరూ చెబుతుంటే ఆ చరణం ముందు రాసేసుకున్నాను, మళ్లీ పోకుండా. తర్వాత ఆ రోజూ మర్నాడూ ఒక్కొక్కరినీ విడిగా కూర్చోబెట్టి అడిగాను. పదహారు మందీ పక్కవాళ్లని అందుకున్నామనే చెప్పారు. నేనే మొదలుపెట్టాను అన్న మనిషి ఒక్కరు లేరు. ఆ చరణం అంతకు ముందు విన్నామన్నవాళ్లూ లేరు.

అర్థం షాహిదా చెబితే ఇలా ఉంది. జీడి సొనకి నల్లబడిన చేతులు ఇవి, నీ ముందు చాపాలంటే బిడియంగా ఉంది. అయినా సకీనా నీ గుమ్మంలోకి వచ్చి నిలబడింది, ఈ చేతులు చూసి పొమ్మనవు కదా.

అక్షరం రాని ఒక కూలి మనిషి కట్టిన మాటలు అవి. ఇన్నేళ్లు తెలుగు పాఠాలు చెప్పాను, పద్యాలు బట్టీ పట్టించాను. అంత సూటిగా ఉన్నవి నాకు ఎక్కువ తగల్లేదు.

మీరు అనబోయేది నాకు తెలుసు, నేనే అనుకున్నాను. ఆ చరణం ఒకసారి విన్నది నేనొక్కదాన్నే. లోపల ఎక్కడో ఉండిపోయి, ఆ ఊపులో నా నోట బయటపడి ఉంటుంది, మిగతావాళ్లు నన్ను అందుకుని ఉంటారు. ఇదే సరైన జవాబు అని నాకు నేను టిక్కు పెట్టుకోబోయాను. నా తప్పు నేనే దిద్దుకున్నట్టు కూడా అవుతుంది, బాగుంటుంది.

కానీ క్యాసెట్ ఉంది. దాన్ని ఎన్నిసార్లు విన్నానో లెక్క లేదు. హార్మోనియం వాయించే చెవి నాది, బృందంలో ఎవరు ముందు, ఎవరు వెనక అనేది పట్టుకోగలను. మిగతా పాటలన్నిటిలో షాహిదా గొంతు ముందు, మావి వెనక స్పష్టంగా ఉన్నాయి. ఆ చరణం దగ్గర మాత్రం నోట్‌బుక్ మూసిన చప్పుడు, గాజుల చప్పుడు, తర్వాత మొదటి అక్షరం నుంచే అందరివీ ఒక్కసారి. నా గొంతు కూడా అందులో ఉంది, ముందు లేదు. ఇంకో సంగతి. హలీమా బీ నాకు ఆ చరణం మాటగా చెప్పింది, పాడలేదు. రాగం నేను ఎప్పుడూ వినలేదు. మిగతా చరణాలకి, దానికి రాగంలో తేడా ఉంది, ఆఖరున పైకి వెళుతుంది.

టెక్కలి వెళ్లినప్పుడు నాన్నకి ఇదంతా చెప్పాను. ఆయన అన్నీ విని, "తప్పు ఒప్పుకున్నావా వాళ్ల దగ్గిర?" అని అడిగారు. ఒప్పుకున్నానన్నాను. "మరింకేటి" అన్నారు. అంతకు మించి ఆయన దగ్గర రాబట్టలేకపోయాను.

రంజాన్ నెలలో ఖైరున్ బీ వచ్చింది. క్యాసెట్ ఆవిడకి పంపలేదు, నేనే వద్దన్నాను. ముందు ఏమీ చెప్పొద్దని షాహిదాని బతిమాలుకున్నాను. మనసులో ఒక మూల భయం. మేము పాడింది సకీనా బీ చరణం కాక, మాకు మేమే అల్లుకున్నదైతే?

ఆవిడ చెవి దగ్గర కూర్చుని, మీ అమ్మగారి పాటలో ఆఖరి చరణం గుర్తుందా అని గట్టిగా అడిగాను. "పదాలు రావమ్మా. సేతులు అని వత్తాది. గుమ్మం అని వత్తాది. మా అప్ప హలీమాకే బాగా వచ్చు" అంది. షాహిదా క్యాసెట్ పెట్టి, టేప్ రికార్డర్ ఎత్తి ఆవిడ చెవికి ఆనించింది.

మొదటి వరుస వినగానే ఆవిడ పెదాలు కదిలాయి. రెండో వరుస టేపుతో కలిసి తనే పాడింది. పైకి వెళ్లే చోట సరిగ్గా పైకి వెళ్లింది. ఒక్క మాట తేడా లేదు.

అయిపోయాక మళ్లీ పెట్టమంది. మూడుసార్లు పెట్టించుకుంది. ఎవరు మొదలుపెట్టారో, ఎలా తెలిసిందో ఏమీ అడగలేదు. నేనే ఉండబట్టలేక, ఇది ఎవరికీ రాని చరణం, ఎలా పాడామో మాకే తెలియదు అని మొత్తం చెప్పాను. ఆవిడ విన్నదో లేదో. టేప్ రికార్డర్ ఒళ్లో పెట్టుకుని కూర్చుంది.

"మా అయ్య కూడా ఆవిణ్ని పేరెట్టి పిలిసేవోడు కాదు. ఒసే అనేవోడు" అంది ఆఖరికి. "ఇంతమంది ఆడోళ్లు మా అమ్మీ పేరు పాడతారని ఆవిడికి తెలీదు."

నాకు దయ్యాల మీద ఇప్పటికీ నమ్మకం లేదు. ఈ సంగతి ఎవరైనా వచ్చి నాకు చెప్పి ఉంటే వంద ప్రశ్నలు వేసి, చిన్నబుచ్చి పంపేదాన్ని. ఆ పదిహేడు మందిలో నేను లేకపోతే బాగుండేదని ఒక్కోసారి అనిపిస్తుంది, అప్పుడు హాయిగా కొట్టిపారేసేదాన్ని. కానీ నేనూ పాడాను. ఆ మాటలు నా నోట్లోకి ఎక్కడి నుంచి వచ్చాయో నాకు తెలియదు.